తాతయ్య నాటకాల పుస్తకం: 1948 ప్రాంతం వివరాలు ఎక్కడ దొరుకుతాయండీ?

అందరికీ నమస్కారం. మాది అమలాపురం దగ్గర పల్లెటూరు. మా తాతయ్య హార్మోనిస్టు. యుద్ధం అయిపోయిన రోజుల్లో చుట్టుపక్కల ఊళ్ళు తిరిగే ఒక నాటకాల బృందంలో ఉండేవారు. మొన్న అటక మీద ట్రంకుపెట్టె దించితే ఆయన లెక్కల పుస్తకం బయటపడింది. సగం ఎలుకలు కొట్టేశాయి.

మొదటి పేజీల్లో అన్నీ కృష్ణుడి పద్యాలు, రాగాల పేర్లతో సహా. పక్కన ఖర్చులు: పెట్రోమాక్స్ లైట్ల అద్దె, అర్దళం (వేషానికి ముఖానికి పూసే రంగు), కాలవ మీద పడవ కూలి. మధ్యలోంచి వరస మారిపోయింది. కిరీటాల అద్దె లేదు, పాలేరు వేషానికి గోచీ, ముల్లుకర్ర! ఒకచోట 'మా భూమి' అని రాసి, తర్వాత పెన్సిల్‌తో గట్టిగా కొట్టేశారు. కాగితం చిరిగేంతగా.

తెలంగాణ రైతుల పోరాటం మీద సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు రాసిన ఆ నాటకాన్ని 1948లో మద్రాసు ప్రభుత్వం నిషేధించిందని తెలుసు. ఆ కొట్టివేత అందుకేనా, లేక ఇంట్లో మా ముత్తాత తిట్టారా? తర్వాతి పేజీల్లో మళ్ళీ కృష్ణుడే.

తాతయ్య బృందం వాళ్ళు ప్రజానాట్యమండలిలో (కమ్యూనిస్టుల నాటక, కళా సంఘం) చేరారా, లేక ఆ నాటకం మాత్రం ఆడారా అన్నది తేల్చుకోవాలి. అప్పటి పోలీసు, నిషేధం ఫైళ్ళ కోసం చెన్నై ఎగ్మూరు ఆర్కైవ్స్‌కి (పాత ప్రభుత్వ రికార్డులు దాచే చోటు) వెళ్ళినవాళ్ళున్నారా? రాజమండ్రి గౌతమీ గ్రంథాలయంలో పాత కరపత్రాలు చూపిస్తారా?

ఇంకోటి, ఇది అర్జెంటు. పేజీలు అంటుకుపోయాయి, విడదీస్తుంటే పొడి రాలుతోంది. లామినేషన్ చేయించమంటున్నారు మా బావగారు. నాకు భయంగా ఉంది. ఏం చేయమంటారు?