సంపన్న కుటుంబంలో హత్య: దర్యాప్తు, వారసత్వంపై సందేహం

జయనగర్ వాసి:
బెంగళూరులో మా పక్క వీధిలోని సంపన్న తెలుగు కుటుంబంలో పెద్దావిడ హత్యకు గురయ్యారు. ఎప్పుడూ ఆమె బొడ్డునే ఉండే తాళాలగుత్తి ఆ ఉదయం గుమ్మం పక్కన మేకుకు వేలాడుతూ నాకు కనిపించింది. పోలీసులు ఇంటివారినే ప్రశ్నిస్తున్నారు. చంపినవారే వారసులైతే ఆస్తి వారికి దక్కుతుందా?

మల్లేశ్వరం న్యాయవాది:
దక్కదండి. హిందూ వారసత్వ చట్టం, 1956లోని 25వ సెక్షన్ ప్రకారం హత్య చేసినవారికే కాదు, అందుకు సహకరించినవారికీ హతుల ఆస్తిలో వారసత్వం ఉండదు. అలాంటివారు ముందే మరణించినట్లు భావించి ఆస్తిని మిగిలిన వారసులకు పంచాలని 27వ సెక్షన్ చెబుతోంది. తాళాల సంగతి మాత్రం దర్యాప్తు అధికారికి తప్పక చెప్పండి.

రిచ్‌మండ్ టౌన్ పాత నివాసి:
మా రిచ్‌మండ్ రోడ్డులో జరిగినది నేను మరువలేను. మైసూరు దివానుగా పనిచేసిన మీర్జా ఇస్మాయిల్ మనుమరాలు 1991లో కనిపించకుండా పోగా, రెండో భర్త రకరకాల కారణాలు చెబుతూ వచ్చాడు. కన్నకూతురు ఆ మాటలు నమ్మక ఫిర్యాదు చేసి, పట్టు విడవకుండా వెంటపడటం వల్లనే 1994లో సొంత ఇంటి ఆవరణలో పాతిపెట్టిన చెక్కపెట్టెలో అస్థిపంజరం బయటపడింది. 2008లో సుప్రీంకోర్టు అతని ఉరిశిక్షను విడుదలకు వీలులేని యావజ్జీవ ఖైదుగా మార్చింది. ఆ అమ్మాయి ఊరుకుని ఉంటే ఏమయ్యేదోనని ఇప్పటికీ గుండె బరువెక్కుతుంది.

జయనగర్ వాసి:
కృతజ్ఞతలండి. రేపే స్టేషనుకు వెళ్లి వాంగ్మూలం ఇస్తాను.