జొవీనియన్ వాదాన్ని రోము సంఘం ఎందుకు అంత కఠినంగా ఖండించింది?

పెద్దలకు నమస్కారం. ఆదిమ క్రైస్తవంలో వివాహానికీ బ్రహ్మచర్యానికీ ఇచ్చిన స్థానాల గురించి చదువుతూ ఒకచోట ఆగిపోయాను, దయచేసి సహాయం చేయగలరు.

నాలుగో శతాబ్దం చివర రోములో జొవీనియన్ అనే సన్యాసి, బాప్తిస్మం పొందిన కన్యలు, విధవలు, వివాహితలు, ఇతర క్రియలలో భేదం లేనంతవరకు, దేవుని ఎదుట సమానులే అని బోధించాడు. పోపు సిరీషియస్, మిలాను బిషప్పు అంబ్రోస్ ఆయనను ఖండించారు. 393 ప్రాంతంలో బైబిలును లాటిన్‌లోకి అనువదించిన పండితుడు జెరోమ్ ఆయనకు ప్రత్యుత్తరంగా రెండు సంపుటాలు రాస్తూ, విత్తువాని ఉపమానంలో (యేసు చెప్పిన కథ) మంచి నేలన పడిన విత్తనాలు ఇచ్చే ఫలంలో నూరంతలు కన్యకలకు, అరువదంతలు విధవలకు, ముప్పదంతలు వివాహితులకు అని పంచిపెట్టాడు. ఆ ఘాటుకు రోములోని జెరోమ్ మిత్రుడు పమ్మాకియస్ సైతం కలవరపడి, ప్రతులను వెనక్కి తెప్పించే ప్రయత్నం చేశాడు. ఇది నన్ను బాగా కదిలించింది.

అయితే అంతకు నూటయాభై ఏళ్ళ ముందు కార్తేజి బిషప్పు సిప్రియన్ అదే నూరంతలను హతసాక్షులకు (విశ్వాసం కోసం ప్రాణాలిచ్చినవారికి), అరువదంతలను కన్యకలకు ఇచ్చాడు. క్రైస్తవులపై హింసలు ఆగిపోయాక హతసాక్షుల స్థానంలోకి కన్యకలు వచ్చారని భావించడం సబబేనా? వివాహాన్ని అసహ్యించుకునేవారిని ఆసియా మైనరులోని గంగ్రలో జరిగిన బిషప్పుల సభ అదే నాలుగో శతాబ్దంలో శపించింది కదా, మరి జొవీనియన్ తప్పు ఏమిటి? ఆయన రచనలు ప్రత్యర్థుల ఉల్లేఖనాలలోనే మిగిలాయి కాబట్టి, ఆయన మాటను న్యాయంగా అర్థం చేసుకునే మార్గం తెలిసినవారు వివరించగలరు.