ఫిలిప్ మాడక్ వేషాలు ఏ వరసలో చూడాలి?

నలుపుతెలుపు: బ్రిటిష్ టీవీ కామెడీ ‘డాడ్స్ ఆర్మీ’లో జర్మన్ సబ్‌మెరైన్ కెప్టెన్‌గా వేసిన ఫిలిప్ మాడక్ వెల్ష్ నటుడట. ఆయన లిస్టు తీస్తే చాలావరకు చిన్న చిన్న వేషాలే. ఎక్కడ మొదలుపెట్టమంటారు? అన్నేసి జర్మన్ పాత్రలు ఎందుకొచ్చాయి?

రీలుడబ్బా: ముందు జర్మన్ సంగతి. 1934లో వేల్స్‌లోని మెర్థర్ టిడ్విల్‌లో పుట్టి, కార్డిఫ్‌లోనూ వియన్నాలోనూ చదివి, దుబాసీగా పనిచేశాకే లండన్ నటనా పాఠశాల రాడాలో నటన నేర్చుకున్నారు. జర్మన్ ఆయనకు బాగా వచ్చేది, అందుకే ఆ యాస అతికించినట్టుండదు.

ఆ ఎపిసోడ్ 1973లో వచ్చిన ‘ద డెడ్లీ అటాచ్‌మెంట్’. ఈసారి చూసినప్పుడు ఫిష్ అండ్ చిప్స్ తెప్పించే చోట ఆయన్నే గమనించండి. తాను బందీ అయ్యుండి, చిప్స్ మెత్తగా ఉండకూడదు, కరకరలాడాలి, లేతగా వేగాలి అని హుకుం జారీ చేస్తాడు. తనను ఎదిరించినవాళ్ళ పేర్లు నోట్‌బుక్‌లో రాసుకునేటప్పుడూ అంతే. కుర్ర సైనికుడు పైక్‌ను పేరు అడిగితే, వాడి కెప్టెనే ‘చెప్పకు పైక్!’ అని పేరు బయటపెట్టేస్తాడు. చుట్టూ అందరూ కామెడీలో ఉంటే ఈయనొక్కరే యుద్ధ సినిమాలో ఉన్నట్టు చేస్తారు. నవ్వించాలని ఆయన ఏమాత్రం చూసినా పైక్ పేరు జోకు తుస్సుమనేది.

గళ్ళచొక్కా: తర్వాత బీబీసీ సైన్స్ ఫిక్షన్ సీరియల్ ‘డాక్టర్ హూ’కి వెళ్ళండి. అందులో 1969 నాటి కథ ‘ద వార్ గేమ్స్’తో మాత్రం మొదలుపెట్టకండి. పది ఎపిసోడ్లలో వార్ లార్డ్‌గా ఈయన కనబడేది ఏడో దాంట్లో, అంతదాకా ఓపిక పట్టలేం. 1976లో వచ్చిన ‘ద బ్రెయిన్ ఆఫ్ మోర్బియస్’ నాలుగే ఎపిసోడ్లు. సర్జన్ సోలన్‌గా మొదటినుంచీ ఉంటారు. నా లెక్కలో ఆయన చేసిన విలన్లందరిలో ఇదే మేటి.

ఇంకోటి చూడండి. ‘డాక్టర్ హూ’లోదే మరో కథ ‘ద క్రోటన్స్’, ‘ద వార్ గేమ్స్’, 1971లో మాగువాగా వేసిన ‘లాస్ట్ ఆఫ్ ద మొహికన్స్’ సీరియల్, ఈ మూడింటికీ డైరెక్టర్ డేవిడ్ మలోనీయే. క్యారెక్టర్ ఆర్టిస్టుకు పని ఇలాగే దొరుకుతుంది, ఒకసారి నచ్చితే ఆ డైరెక్టరే మళ్ళీ పిలుస్తాడు.

రీలుడబ్బా: విలన్లతో ఆపేస్తే అన్యాయం. 1981లో బీబీసీ వేల్స్ తీసిన, బ్రిటన్ ప్రధానిగా చేసిన లాయిడ్ జార్జ్ జీవితం మీది సీరియల్లో టైటిల్ పాత్ర ఆయనదే. రచన ఎలైన్ మోర్గన్, తొమ్మిది భాగాలు. టైటిల్ మ్యూజిక్‌గా వాడిన ఇటలీ సంగీత దర్శకుడు మోరికోనే బాణీ ‘చి మాయ్’ బ్రిటన్ చార్టుల్లో 2వ స్థానం దాకా వెళ్ళింది.

గళ్ళచొక్కా: వేల్స్‌లో తీసిన డిటెక్టివ్ సీరియల్ ‘ఎ మైండ్ టు కిల్’ కూడా చేర్చండి. అందులో ఈయన డిటెక్టివ్ నోయెల్ బెయిన్. మన తెలుగు-తమిళ ద్విభాషా చిత్రాల్లాగే అదే సీను వెల్ష్‌లో ఒకసారి, ఇంగ్లిష్‌లో ఒకసారి తీశారు. డబ్బింగ్ కాదు. డిస్క్ కొనేటప్పుడు ఏ భాష వెర్షనో, సబ్‌టైటిల్స్ ఉన్నాయో లేదో చూసుకోండి.