పాత ఓనర్ ఫాస్టాగ్ క్లోజ్ కావడం లేదు, కొత్తది ఇవ్వడం లేదు

మాది ఒంగోలు. రెండు నెలల క్రితం కావలిలో ఒకరి దగ్గర సెకండ్ హ్యాండ్ వ్యాగనార్ కొన్నాను. ఆర్‌సీ నా పేరు మీదకి మారిపోయింది, ఇన్సూరెన్స్ కూడా. మిగిలింది ఫాస్టాగ్ ఒక్కటే.

అద్దం మీద పాత స్టిక్కర్ పీకేసి, నా బ్యాంకు యాప్‌లో కొత్త ట్యాగ్‌కి అప్లై చేశాను. ఈ బండి నంబరు మీద ఇప్పటికే యాక్టివ్ ట్యాగ్ ఉందని రిజెక్ట్ అయింది. ఒక బండికి ఒకే ట్యాగ్ అనేది రూల్, అది తెలుసు. నాకు అమ్మినాయన్ని అడిగితే, ఆ ట్యాగ్ తన కంటే ముందు ఓనర్‌దట! నాకు అమ్మినాయన దాన్నే రీఛార్జ్ చేసుకుంటూ వాడేశాడు. ఆ ముందు ఓనర్ ఫోన్ నంబరు ఇప్పుడు పనిచేయడం లేదు.

హైవే హెల్ప్‌లైన్ 1033కి ఫోన్ చేశాను, ట్యాగ్ ఇచ్చిన బ్యాంకే క్లోజ్ చేయాలన్నారు. ఆ బ్యాంకు కస్టమర్ కేర్‌కి మూడుసార్లు చేశాను. ప్రతిసారీ రిజిస్టర్డ్ నంబరుకి వచ్చిన ఓటీపీ చెప్పమంటారు. కొత్త ఆర్‌సీ, నా ఆధార్, సేల్ లెటర్ మెయిల్ చేసి 12 రోజులైంది, టికెట్ నంబరు తప్ప జవాబు లేదు. పాత ట్యాగ్‌లో ఎంత బ్యాలెన్స్ ఉన్నా నాకు అక్కర్లేదు, క్లోజ్ చేస్తే చాలు.

వారానికి రెండుసార్లు నెల్లూరు వెళ్ళాలి. టంగుటూరు టోల్ దగ్గర ట్యాగ్ లేదని యూపీఐలో ఒకటింపావు రెట్లు కడుతున్నాను.

ఓటీపీ లేకుండా, కేవలం ఆర్‌సీ చూపించి పాత ఓనర్ ట్యాగ్ క్లోజ్ చేయించుకున్నవాళ్ళు ఎవరైనా ఉంటే, ఎక్కడ ఏ కాగితాలు ఇస్తే పనైందో చెప్పగలరా?