మొజార్ట్ ఒపెరాలకి మాటలు రాసిన డా పోంటే గురించి

ప్రశ్న:
మొజార్ట్ ఫిగారో ఒపెరా (పాటలతో నడిచే నాటకం) సబ్‌టైటిల్స్‌తో చూశా, చాలా నచ్చింది. అందరూ మ్యూజిక్ గురించే మాట్లాడతారు గానీ లిబ్రెటో, అంటే ఒపెరా మాటలు, రాసిన లొరెంజో డా పోంటే పేరు ఎవరూ ఎత్తరేంటి? ఈయన సొంతంగా గొప్పవాడేనా, లేక మొజార్ట్ వల్ల పేరొచ్చిందా?

జవాబు 1:
సొంతంగానే గొప్పోడండి, డౌటే లేదు. ఫిగారో (1786), డాన్ జొవాన్నీ (1787), కొసీ ఫాన్ తుత్తే (1790) ఈ మూడు మొజార్ట్ ఒపెరాలకీ మాటలు ఆయన రాసినవే. ఫిగారో ఫస్ట్ సీన్ మళ్లీ చూడండి, ఫిగారోనేమో మంచం ఎక్కడ పడుతుందా అని గది కొలుచుకుంటూ అంకెలు చెప్తుంటాడు, అతను పెళ్లి చేసుకోబోయే సుజానానేమో కొత్త టోపీ పెట్టుకుని నన్ను చూడవయ్యా అంటుంటుంది, ఆ కాసేపట్లోనే ఇద్దరూ ఎలాంటివాళ్లో తెలిసిపోతుంది. పైగా ఈ ఒపెరాకి మూలమైన ఫ్రెంచ్ నాటకాన్ని వియన్నాలో స్టేజి మీద ఆడనివ్వలేదు, రాజకీయం ఘాటు తగ్గించి ఒపెరాగా ఒప్పించడం మామూలు విషయం కాదు.

జవాబు 2:
ఆయన జీవితం ఇంకా ఆశ్చర్యం. 1749లో వెనిస్ దగ్గర చెనెదాలో యూదు కుటుంబంలో పుట్టి, క్రైస్తవంలోకి మారి, క్యాథలిక్ ప్రీస్ట్ అయ్యి, ప్రేమ వ్యవహారాలతో 1779లో వెనిస్ నుంచి బహిష్కరణకి గురయ్యాడు. వియన్నా, లండన్ అయ్యాక అప్పుల బాధతో 1805లో అమెరికా వెళ్లి కిరాణా కొట్టు కూడా నడిపాడు. 1825లో కొలంబియా కాలేజీలో మొదటి ఇటాలియన్ ప్రొఫెసర్ అయ్యాడు, న్యూయార్క్‌లో ఇటాలియన్ ఒపెరా నిలబడాలని ఎనభై దాటాక కూడా తిరిగాడు. నాకైతే ఆ పట్టుదలే ఎక్కువ నచ్చుతుంది.

జవాబు 3:
ఆత్మకథ కూడా రాశాడు, తప్పకుండా చదవండి, కాకపోతే తన గురించి బాగా పెంచి చెప్పుకున్నాడు, అది గుర్తుపెట్టుకుని చదవాలి.