అమ్మానాన్నలతో మహాబలిపురం వైపు ఒక రోజు టూరు: బుక్ చేయమంటారా?

షోలింగనల్లూరు, చెన్నైకి కొత్త:

అందరికీ నమస్కారం. మాది వరంగల్. ఉద్యోగం మీద చెన్నై వచ్చి రెండు నెలలైంది. తమిళం "తెరియాదు" అనేంత వరకే వచ్చింది. వచ్చే వారం అమ్మానాన్న వస్తున్నారు. ఇద్దరూ ఇంతవరకు సముద్రం చూడలేదు. నాకు కారు లేదు. ఈసీఆర్ (ఈస్ట్ కోస్ట్ రోడ్డు) మీద పన్నెండు సీట్ల టెంపో ట్రావెలర్‌లో వేరేవాళ్లతో కలిసి వెళ్లే టూరు ఒకటి కనబడింది. ఆదివారం పొద్దున 6కి పికప్. దక్షిణచిత్ర మ్యూజియం, మొసళ్ల పార్కు, మహాబలిపురం, ఆరోవిల్, పాండిచ్చేరి చూపించి రాత్రి 10కి ఇంటి దగ్గర దింపుతారట. మనిషికి 1,800. అమ్మకి మోకాళ్ల నొప్పులు, నాన్నకి షుగరు. సాయంత్రం సముద్రంలో సూర్యాస్తమయం చూపించాలని నా కోరిక. బుక్ చేసేయనా?

తొండియార్‌పేట:

సముద్రంలో సూర్యాస్తమయం కావాలంటే గోవాకి టికెట్ తీసుకో తమ్ముడూ. మన సముద్రం తూర్పున ఉంది.

వేళచ్చేరి:

పైన అన్నగారు వేళాకోళం చేశారు గానీ మాట నిజమే. ఇక్కడ సూర్యుడు సముద్రంలోంచి పైకొస్తాడు, ఊరి వైపు దిగిపోతాడు. అయినా మీ కోరిక తీరే దారి ఒకటుంది, చివర్లో చెప్తాను.

ముందు అసలు సంగతి. ఆ టూరు బుక్ చేయకండి. కంపెనీ మంచిదా కాదా అని కాదు, లెక్క కుదరదు. చెన్నై నుంచి పాండిచ్చేరి దాదాపు 150 కిలోమీటర్లు. రానూపోనూ 300. ఆదివారం తిరువాన్మియూరు నుంచి అక్కరై టోల్ దాటేదాకా ట్రాఫిక్ ఎలా ఉంటుందో మీరే చూస్తారు. తక్కువలో తక్కువ ఆరేడు గంటలు వ్యాన్‌లోనే పోతాయి. అందరినీ ఎక్కించుకోవడానికి ఒక గంట, టిఫిన్‌కి, భోజనానికి ఇంకో గంటన్నర. మిగిలింది ఐదు చోట్లకి పంచితే ఏం వస్తుంది? మోకాళ్ల నొప్పులున్న మనిషి వ్యాన్ దిగి, చెప్పులు సర్దుకుని, నాలుగడుగులు వేసేసరికి గైడు "టైం ఆయిపోచ్చు" అంటాడు.

ఇది నా అనుభవమే. చెన్నై వచ్చిన కొత్తలో మా అత్తగారిని, మామగారిని ఇలాంటి దానికే తీసుకెళ్లాను. పేరెందుకులే. దారిలో ఒక జంట పికప్‌కి నలభై నిమిషాలు ఆలస్యం చేశారు. తర్వాత రాతి బొమ్మల షాపు దగ్గర ముప్పావు గంట ఆపారు. పాండిచ్చేరి బీచ్‌లో ఇరవై నిమిషాలు. తిరుగు దారిలో మహాబలిపురం తీరాలయం దగ్గరికి చేరేసరికి సాయంత్రం ఆరు దాటింది, గేటు మూసేశారు. మా మామగారు కమ్మీల్లోంచి గోపురం చూసి "బాగుంది బాబూ" అన్నారు. ఆ "బాబూ" నాకిప్పటికీ గుచ్చుకుంటుంది.

ఇంకో మాట. ఈసీఆర్ పేరు సముద్రం రోడ్డే గానీ రోడ్డు మీద నుంచి సముద్రం కనబడేది చాలా తక్కువ. విశాఖ నుంచి భీమిలి వెళ్తుంటే పక్కనే అలలు కనబడతాయే, అలా ఊహించుకోకండి. ఇక్కడ ప్రహరీ గోడలు, రిసార్టుల బోర్డులు, సరుగుడు తోటలు. దిగి నడిస్తేనే సముద్రం. అంటే ఎన్ని కిలోమీటర్లు తిరిగాం అన్నది కాదు, ఎంతసేపు దిగి ఉన్నాం అన్నదే చూసుకోవాలి. మహాబలిపురం దాకా 55 కిలోమీటర్లు ఉంటుందేమో. ఒక రోజుకి అది చాలు.

చిన్న గ్రూపు టూరు మీకు సరిపోయేదే. భాష రాదు, కారు లేదు, పెద్దవాళ్లున్నారు. బస్సులో పోవచ్చు గానీ పాండిచ్చేరి వైపు వెళ్లే బస్సులు చాలావరకు బైపాస్‌లో దింపేస్తాయి, అక్కణ్ణుంచి ఆటో బేరం ఆడాలి. వాలాజా రోడ్డులో తమిళనాడు టూరిజం వాళ్ల ఆఫీసు ఉంది, అక్కడ కూడా అడగండి. ఎవరితో వెళ్లినా ఫోన్‌లో ఈ ప్రశ్నలు వేయండి: బండికి పసుపు నంబర్ ప్లేటేనా? గైడు ఉంటాడా, డ్రైవరే గైడా? ఎంట్రీ టికెట్లు చార్జీలో కలిశాయా? షాపుల దగ్గర ఆపుతారా? మహాబలిపురంలో ఎన్ని గంటలు? ఈ చివరి ప్రశ్నకి మూడు గంటల కంటే తక్కువ చెప్తే పెట్టేయండి. ముందు సీట్లు పెద్దవాళ్లకి కావాలని అప్పుడే చెప్పాలి. ఎక్కాక అడిగితే ఎవరూ లేవరు. టెంపో ట్రావెలర్ వెనక వరస గురించి నేను చెప్పను, నా నడుము చెప్తుంది.

రోజు సంగతి. మొసళ్ల పార్కుకి సోమవారం సెలవు, దక్షిణచిత్రకి మంగళవారం సెలవు. ఆదివారం రద్దీ. లీవు దొరికితే బుధ, గురు, శుక్రవారాల్లో పెట్టుకోండి. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా ఇక్కడ అసలైన వానాకాలం. మనవైపు వానలు తగ్గాక ఇక్కడ మొదలవుతాయి. తుపాను మాట వినబడితే డబ్బు పోయినా సరే మానేయండి.

మహాబలిపురంలో ముందు పంచ రథాలు, తర్వాత అర్జున తపస్సు (పెద్ద బండ మీద చెక్కిన బొమ్మలు), చివర తీరాలయం. పంచ రథాలు కట్టినవి కావు, ఒకే బండరాతి గుట్టని పైనుంచి కిందికి చెక్కుకుంటూ వచ్చారు. ఒక్కటీ పూర్తిగా ముగించలేదు. పాండవుల పేర్లు తర్వాత జనం పెట్టుకున్నవే. ఊరికి పేరు మాత్రం మామల్లుడి నుంచి వచ్చింది. మామల్లుడంటే గొప్ప మల్లుడు, పల్లవ రాజు మొదటి నరసింహవర్మ బిరుదు. చాళుక్యుల రెండో పులకేశిని ఓడించి వాతాపి పట్టుకున్నది ఈయనే. భైరవకోన గుహలు చూసినవాళ్లకి ఇక్కడి గుహాలయాల స్తంభాలు తెలిసినవాళ్లలాగే అనిపిస్తాయి.

అర్జున తపస్సు దగ్గర తొందరపడకండి. టికెట్ లేదు, రోడ్డు పక్కనే, నిలబడి చూడొచ్చు. అది అర్జునుడి తపస్సా, గంగ కోసం భగీరథుడి తపస్సా అని పండితులు ఇంకా వాదించుకుంటూనే ఉన్నారు. రాతి మధ్యలో పైనుంచి కిందికి ఒక చీలిక ఉంది, అందులో నాగులు ఈదుతుంటారు. చాలామంది గైడ్లు ఏనుగులు చూపించి లాక్కుపోతారు. ఆ ఏనుగు పక్కనే చూడండి, ముందు కాళ్లు పైకెత్తి తపస్సు చేస్తున్న పిల్లి, దాని చుట్టూ నమ్మిన ఎలుకలు. దొంగ జపం అంటే ఏంటో పదమూడు వందల ఏళ్ల క్రితమే చెక్కి పెట్టారు. మీ నాన్నగారికి నచ్చుతుంది.

తీరాలయం మాత్రం రాళ్లు పేర్చి కట్టినది, రెండో నరసింహవర్మ కాలానిది. రెండు శివాలయాల మధ్య పడుకున్న విష్ణువు ఉన్నాడు. పంచ రథాలకి, దీనికి కలిపి ఒకే టికెట్, మనకి 40 రూపాయలు. మొదటి చోట చూసేశాం కదా అని పారేయకండి.

ఇక సూర్యాస్తమయం. తిరుగు దారిలో ముట్టుకాడు వంతెన వస్తుంది. అక్కడ సముద్రం తూర్పున, బ్యాక్‌వాటర్ పడమర. సూర్యుడు ఆ నీళ్ల మీదుగా దిగుతాడు. ఐదున్నరకల్లా అక్కడ ఉండేలా డ్రైవరుతో పొద్దున్నే చెప్పుకోండి. పడవలూ ఉంటాయి. ఆ బ్యాక్‌వాటర్‌ని దాటుకుంటూ వెళ్లేదే బకింగ్‌హాం కాలువ. మన కాకినాడ దగ్గర మొదలై ఇక్కడిదాకా వచ్చిన కాలువ. ఒకప్పుడు కోస్తా నుంచి మద్రాసుకి సరుకు పడవల్లో ఇటే వచ్చేది. మద్రాసు ఊళ్లో కూవం, అడయారు నదుల్ని కలిపే ముక్కని 1877-78 కరువులో కూలికి వచ్చిన జనం తవ్వారు. ఇప్పుడు ఊళ్లో దాని వాసన చూస్తే ఇవన్నీ నమ్మబుద్ధి కాదనుకోండి.

అన్నానగర్:

అన్నయ్యగారు అన్నీ చెప్పారు గానీ ఆడవాళ్ల సంగతి మర్చిపోయారు. దారిలో బాత్రూంలు శుభ్రంగా ఉండే చోట్లు దక్షిణచిత్ర, పెద్ద హోటళ్లు. అక్కడే వెళ్లిపోమని మీ అమ్మగారికి చెప్పండి. మహాబలిపురంలో వెతుక్కోవాలి. పదకొండు దాటితే రాయి, ఇసుక రెండూ కాలిపోతాయి. గొడుగు, మందపాటి మేజోళ్లు, పెద్ద నీళ్ల బాటిల్. నాన్నగారికి టైంకి భోజనం కావాలి కాబట్టి డబ్బాలో పులిహోర, పెరుగన్నం పెట్టుకెళ్లండి, టూరువాళ్లు ఆపినప్పుడే తినాలంటే రెండున్నర అవుతుంది.

ఇంకొకటి, తీరాలయంలో పూజలుండవు. పురావస్తు శాఖవాళ్ల చేతిలో ఉంది. మా అమ్మ కొబ్బరికాయ పట్టుకెళ్లి ఎవరికివ్వాలో తెలియక తిరిగి తెచ్చుకుంది. దర్శనం కావాలంటే ఊళ్లోనే స్థలశయన పెరుమాళ్ కోవెల ఉంది, 108 దివ్యదేశాల్లో ఒకటి. కోవళం దాటాక తిరువిడందైలో నిత్యకల్యాణ పెరుమాళ్, అదీ దివ్యదేశమే. పెళ్లి ఆలస్యమవుతున్నవాళ్లు అక్కడ మొక్కుకుంటారు. ఇంట్లో పెళ్లి కావాల్సినవాళ్లు ఉంటే మీ అమ్మగారు ఆ బోర్డు చూశాక వ్యాన్ కదలనివ్వరు, ముందే చెప్తున్నా. మధ్యాహ్నం గుళ్లు మూసేస్తారు, పొద్దున పోయేటప్పుడే చూసుకోవాలి.

పెరంబూరు:

పాండిచ్చేరిని మరీ తీసిపారేయకండి. బాగుంటుంది. కాకపోతే అది ఒక రాత్రి ఉండాల్సిన ఊరు. సాయంత్రం బీచ్ రోడ్డులో బళ్లు ఆపేస్తారు, జనం రోడ్డు మధ్యలో నడుస్తారు. ఆ సమయానికి మీ టూరు వ్యాన్ తిరుగు దారిలో ఉంటుంది. మన యానాం కూడా పాండిచ్చేరి కిందికే వస్తుందని మీ నాన్నగారికి చెప్పండి. ఎప్పుడైనా వెళ్తే బండికి పర్మిట్ డబ్బు ఎవరిదో ముందే తేల్చుకోండి. అక్కడ సీసాలు చవక అని ఎవరైనా వ్యాన్‌లో పెట్టుకొస్తే చెక్‌పోస్టులో అందరూ దిగాలి.

షోలింగనల్లూరు, చెన్నైకి కొత్త:

అందరికీ థ్యాంక్స్. పాండిచ్చేరి తీసేశాను. బుధవారం, తొమ్మిదిమంది వెళ్లే టూరు, మహాబలిపురంలో మూడున్నర గంటలు. దక్షిణచిత్రా, మొసళ్లా? రెండిట్లో ఒకటే కుదురుతుందట. అమ్మ సముద్రంలో స్నానం చేస్తానంటోంది, చేయొచ్చా?

వేళచ్చేరి:

మోకాళ్లు దృష్టిలో పెట్టుకుంటే దక్షిణచిత్ర. నీడ ఉంటుంది, కూర్చోడానికి అరుగులుంటాయి. దక్షిణాది ఊళ్ల నుంచి పాత ఇళ్లని విప్పి తెచ్చి మళ్లీ కట్టారు. ఆంధ్రా భాగంలో మన ఇక్కత్ నేతవాళ్ల ఇల్లు ఒకటుంది, నల్లగొండ వైపుది. మొసళ్లు పిల్లలున్నప్పుడు చూసుకోవచ్చు.

స్నానం వద్దు. కాళ్లు తడుపుకోండి, అంతే. ఇక్కడ ఒడ్డు దగ్గరే లోతు, అల వెనక్కి లాగే తీరు బలంగా ఉంటుంది. ఏటా ఎవరో ఒకరు పోతూనే ఉన్నారు. పుణ్యానికి చెంబుతో నీళ్లు తీసి నెత్తిన చల్లుకోమనండి.

షోలింగనల్లూరు, చెన్నైకి కొత్త:

వెళ్లొచ్చాం. అమ్మ సముద్రం ముందు పది నిమిషాలు మాట్లాడలేదు. మా ఇంట్లో ఇదే రికార్డు. తర్వాత చెంబు అడిగింది. నాన్న పిల్లి దగ్గర ఆగిపోయి, మా ఊళ్లో ఒకాయన పేరు చెప్పి నవ్వుతూనే ఉన్నారు. షాపు దగ్గర ఆపారు గానీ మేం దిగలేదు. ముట్టుకాడు చేరేసరికి ఆరు దాటింది, సూర్యుడు లేడు, ఎరుపు మాత్రం ఉంది. అదే చాలన్నారు.

ఒక్క సాయం కావాలి. అమ్మ గొడుగు వ్యాన్‌లో మర్చిపోయింది. డ్రైవరు ఫోన్ ఎత్తుతున్నాడు, నేను చెప్పేది ఆయనకి అర్థం కావడం లేదు. గొడుగుని తమిళంలో ఏమంటారు?

తొండియార్‌పేట:

"కుడై". నీ గొడుగే తమ్ముడూ, కొంచెం మార్చారు. నాకు విడిగా మెసేజ్ పెట్టు, నేను మాట్లాడతా.