కొత్త గెకోను పాత టెర్రేరియంలోకి వదలవచ్చా?

ప్రశ్న (డల్లాస్ నుంచి): మా అబ్బాయి మూడేళ్లుగా ఒక ఆడ లెపర్డ్ గెకోను (చుక్కల పెంపుడు బల్లిని) పెంచుతున్నాడు. మొన్న మరొక ఆడదాన్ని కొన్నాము. టెర్రేరియం (దాన్ని ఉంచే గాజుపెట్టె) మూడడుగుల పొడవుంది కనుక రెండింటినీ కలిపి ఉంచవచ్చునని అమ్మినవారు చెప్పారు. మీ అభిప్రాయం తెలుపగలరు.

మొదటి సమాధానం: ఉంచవచ్చు. వీటి చేత పిల్లలు పెట్టించేవారిలో చాలామంది రెండు మూడు ఆడవాటిని ఒకేచోట పెంచుతారు. ఒకదానినొకటి కొరుక్కొనేది ముఖ్యంగా మగవి రెండు కలిసినప్పుడు. రెండూ ఒకే పరిమాణంలో ఉండి, దాక్కోవడానికి వేర్వేరు గూళ్లు ఉంటే చాలు.

రెండవ సమాధానం: పోట్లాట లేనంత మాత్రాన అవి పొత్తుగా ఉన్నాయనుకోవడం పొరపాటు, ఆ పొరపాటు నేనే చేశాను. మా ఇంట్లో రెండు ఆడవి ఏడాదిపాటు ఒకే గూటిలో ఒకదానిపై ఒకటి పడుకొంటుంటే స్నేహమని మురిసిపోయాను. నిజానికి వెచ్చని గూడు అదొక్కటే కావడంతో పెద్దది దానిని ఆక్రమించుకొని, చిన్నదాన్ని అదిమి పడుకొనేది. చివరికి వంటింటి త్రాసు మీద పెట్టి చూస్తే పెద్దది 68 గ్రాములు, చిన్నది 39 గ్రాములు తూగాయి. కొవ్వు దాచుకోవలసిన చిన్నదాని తోక పెన్సిలంత సన్నబడింది. వేరుచేశాక మళ్లీ ఒళ్లు చేసింది.

అంతకన్నా ముఖ్యమైనది క్రిప్టోస్పోరిడియం. పేగుల్లో చేరే ఈ సూక్ష్మజీవి మలం ద్వారా వ్యాపిస్తుంది, మామూలు బ్లీచికి చావదు, దీనిని నమ్మకంగా నయం చేసే మందు లేదు. పైకి ఆరోగ్యంగా కనిపించే బల్లి కూడా దీనిని మోసుకురావచ్చు. పైగా ఇది మలంలో ప్రతిసారీ బయటపడదు కనుక ఒక్క పరీక్షలో లేదని తేలినా నిశ్చింతగా ఉండలేము. అందుకే కొత్తదాన్ని కనీసం 90 రోజులు వేరే గదిలో, పేపర్ టవల్ పరిచిన పెట్టెలో ఉంచి, వారానికోసారి తూచండి. ముందు పాతదానికి మేత వేసి, ఆ తరువాతే కొత్తదాన్ని ముట్టుకోండి. పట్టకారు, నీటిగిన్నె దేనికవే ఉండాలి.

మొదటి సభ్యుడు: క్వారంటైన్ విషయంలో మీతో ఏకీభవిస్తాను, నేను ఆ మాట ముందే చెప్పవలసింది. కాని ఆ గడువు దాటాక, రెండు వెచ్చని గూళ్లు అమర్చి కలపడంలో తప్పేమిటి?

రెండవ సభ్యుడు: పిల్లలు పెట్టించేవారి దగ్గర బరువు తగ్గినదాన్ని ఆ రోజే మార్చడానికి ఖాళీ పెట్టెలుంటాయి. అడవిలోనైతే ఓడిపోయినది మరో రాతి సందుకు పారిపోతుంది. మూడడుగుల గాజుపెట్టెలో దానికి ఆ దారి లేదు. క్వారంటైన్ కోసం రెండో పెట్టె ఎలాగూ కొనవలసినదే. దానికి బదులు కాస్త పెద్దది కొని, కొత్తదాన్ని అందులోనే స్థిరంగా ఉంచమని నా సలహా.